తొలి తెలుగు కథానాయిక సురభి కమలాబాయి

మన బెళుగుప్ప చుట్టుపక్కల పల్లెల్లో జాతరకో, ఉగాదికో పద్యనాటకం ఆడించడం అందరికీ తెలిసిందే. ఆడవేషాలకు కళాకారిణులను బయటి ఊర్ల నుండి డబ్బులిచ్చి పిలిపిస్తారు. రాత్రంతా వన్స్‌మోర్ కొడతాము. తెల్లవారి బస్సు కోసం నిలబడిన ఆ మనిషిని చూసి చులకనగా మాట్లాడతాము. మాలోనూ అలా నవ్వినవాళ్ళున్నారు. అందుకే ఈ వార్షికోత్సవ సంచికకు కమలాబాయి గారి జీవితం రాయాలనుకున్నాము.

కడప జిల్లా సురభి గ్రామంలో 1885లో కీచకవధ ప్రదర్శనతో సురభి నాటక సమాజం మొదలైంది. మగవాళ్ళే చీర కట్టి ఆడవేషాలు వేసే కాలమది. సురభివారు మాత్రం తమ ఇంటి ఆడవాళ్ళనే రంగస్థలం ఎక్కించారు. లోకం ఎన్ని మాటలన్నా వారికి కూడు పెట్టింది ఆ వేషాలే. ఆ కుటుంబాల్లోనే 1907లో కమలాబాయి గారు జన్మించారు. నిండు నెలల తల్లి దమయంతి వేషంలో ఉండగా నొప్పులు వచ్చి రంగస్థలం మీదే ప్రసవించిందని, జనం అదీ నాటకమే అనుకున్నారని చెబుతారు. ఈ మాట మాకు వింతగా తోచలేదు. నెలలు నిండినా శనక్కాయ చేలో కలుపుకు పోయిన అమ్మలు మన ఇళ్ళలోనే ఉన్నారు కదా!

చిన్ననాడే కృష్ణుడిగా, ప్రహ్లాదుడిగా నటించిన ఆమె హెచ్.ఎం.రెడ్డి గారి భక్త ప్రహ్లాదలో లీలావతి అయ్యారు. తెలుగువారి ఆ మొదటి టాకీ 1932 ఫిబ్రవరి 6న బొంబాయిలో విడుదలైంది. ప్లేబ్యాక్ లేని రోజులు. కెమెరా ముందు నటిస్తూనే తన పాట తానే పాడాలి. గొంతు తప్పితే మళ్ళీ మొదటి నుండి. నాటకంలో అరిగిన గొంతు కాబట్టి ఆమె నెగ్గుకొచ్చారు. అదే ఏడు పాదుకా పట్టాభిషేకంలో సీత, శకుంతలలో శకుంతల ఆమే. పరువుగల ఇంటి ఆడది సినిమాకు పోదని పెద్దలు అంటున్న ఆ కాలంలో ఆమె ఊరుగాని ఊరు బొంబాయిలో సొంత కష్టంతో బతికారు, హిందీ చిత్రాల్లోనూ నటించారు.

1951లో వచ్చిన పాతాళభైరవిలో తోట రాముడి తల్లి ఆమే. తీసింది మన తాడిపత్రి కె.వి.రెడ్డి గారు. టీవీలో ఎన్నిసార్లు చూశామో! రామారావు గారిని, మాంత్రికుణ్ణి చూశామే గాని ఆ తల్లి ఎవరని ఒక్కరమూ అడగలేదు.

1971 మార్చి 30న ఆమె కన్నుమూశారు. భక్త ప్రహ్లాద ప్రింటు ఒక్కటీ మిగల్లేదు. ఆ లీలావతిని ఇక ఎవరమూ చూడలేము. రాముడి తల్లిని మాత్రం చూడవచ్చు. ఈసారి ఆ సినిమా వస్తే చిన్న తరగతుల పిల్లలకు ఆమెను చూపించి పేరు చెప్పాలనుకున్నాము.