దోమను నమ్మని దొరతనము

అమీరుపేట, పంజగుట్టల నుండి బేగంపేటకు పోవు వారికి, పాత విమానాశ్రయమునకు సమీపమున ఒక పురాతన భవనము కలదు. నూరేండ్లకు పైబడిన కాలము క్రిందట అది సికిందరాబాదు కంటోన్మెంటుకు సంబంధించిన ఆసుపత్రి. 1897 ఆగస్టు 20వ తేదీన రోనాల్డ్ రాస్ అను సైనిక వైద్యుడు అక్కడనే దోమ కడుపులో మలేరియా క్రిమిని చూచెను. ఈ సంగతి విద్యార్థు లందరును చదివినదే. కాని తరువాతి మాసముననే ప్రభుత్వము ఆయనను ఆ దోమలకును ఆ రోగులకును దూరముగా రాజపుటానాకు పంపివేసిన సంగతి అంతగా ప్రచారములో లేదు.

శాస్త్ర సిద్ధాంతమును అణచివేయుట యనగానే, 1633లో రోము నగరమున మతన్యాయస్థానము ఎదుట నిలువవలసి వచ్చిన గెలీలియో మనకు జ్ఞప్తికి వచ్చును. రాస్‌ను ఎవ్వరును అట్లు నిలువబెట్టలేదు. ఆయన వ్రాసినదానిని నిషేధింపలేదు. ఆయనకు వచ్చినవి బదిలీ ఉత్తరువులు మాత్రమే. వాని వలన జరిగిన నష్టము తక్కువది కాదు.

రాస్ 1857 మే 13వ తేదీన హిమాలయ ప్రాంతమున ఆల్మోరాలో జన్మించెను. తండ్రి సైన్యాధికారి. కుమారునికి కవిత్వము, గణితము ప్రియమైనవి. తండ్రి మాట కాదనలేక వైద్యము చదివి, 1881లో భారత వైద్య సర్వీసున చేరెను.

ఆ కాలమున మలేరియా, అనగా మన చలిజ్వరము, చిత్తడి నేలల నుండి లేచు చెడుగాలి వలన కలుగునని లోకమంతయు నమ్ముచుండెను. ఇటలీ భాషలో ఆ పేరునకు అర్థమే చెడుగాలి. 1880లో అల్జీరియాలో లావెరాన్ అను ఫ్రెంచి సైనిక వైద్యుడు రోగి రక్తములో ఒక క్రిమిని కనుగొన్నను, పండితులు చాలకాలము పెదవి విరిచిరి. రాస్ సైతము మొదట నమ్మనివాడే! 1894లో లండనులో పాట్రిక్ మాన్సన్ సూక్ష్మదర్శినిలో దానిని చూపిన పిమ్మటనే ఆయన మనస్సు మారెను. ఈ క్రిమి దోమలో పెరుగునేమో యని మాన్సన్ ఊహించెను. అయితే దోమ నీటిలో చచ్చుననియు, ఆ నీరు త్రాగినవారికి జ్వరము వచ్చుననియు ఆయన తలపు. ఊహలో సగమే నిజము.

1895లో రాస్ సికిందరాబాదు చేరి పరీక్షలు ప్రారంభించెను. దోమలు చచ్చిన నీటిని కొందరికి డబ్బిచ్చి త్రాగించెను. నేటి వైద్యనీతి దీనిని అంగీకరింపదు. ఫలిత మేమియు తేలకమునుపే కలరా పనిమీద బెంగుళూరు పొమ్మని ఉత్తరువు వచ్చెను. 1897లో సెలవు పెట్టి నీలగిరి ప్రాంతమున వెదకబోయి తానే మలేరియా పాలయ్యెను.

ఆ యేడే మరల సికిందరాబాదు వచ్చెను. ఉక్క దుర్భరముగా నుండెను. పంకా విసరిన కోసిన దోమలు ఎగిరిపోవును. నుదుటి చెమట కారి సూక్ష్మదర్శిని మరలు త్రుప్పు పట్టెను. అంతవరకు ఆయన కోసినవన్నియు మలేరియాకు సంబంధము లేని జాతి దోమలు. రెండేండ్ల శ్రమ అట్లు వ్యర్థమయ్యెను. అంతట మచ్చల రెక్కల దోమలు కొన్ని దొరకెను. ఆగస్టు 16న వానిని హుసేన్ ఖాన్ అను రోగిపై వదలి, కుట్టిన దోమకు ఒక అణా చొప్పున ముట్టజెప్పెను. నాలుగు దినముల పిమ్మట కోసిన దోమ కడుపు గోడలో గుండ్రని కణములును, వానిలో నల్లని రేణువులును కనబడెను. ఆ రేణువులు రోగి రక్తములోని క్రిమిలో ఉండునట్టివే. మరునాడు కోసిన దోమలో ఆ కణములు ఇంకను పెద్దవై యుండెను. కనుక అవి ప్రాణముతో పెరుగుచున్నవి!

ఇక తేలవలసినది ఒక్కటే: ఆ క్రిమి దోమ నుండి మనుష్యునికి తిరిగి చేరు త్రోవ యేది? అందులకు ఆ దోమలే కావలెను, ఆ రోగులే కావలెను. సరిగా అప్పుడే, సెప్టెంబరులో, బదిలీ ఉత్తరువు వచ్చెను. రాజపుటానాలోని ఖేర్వాడాలో మలేరియా అరుదు. డిసెంబరులో బ్రిటిష్ మెడికల్ జర్నల్ ఆయన వ్యాసమును ప్రకటించునప్పటికి ఆయన చేతిలో పని లేదు. ఉత్తరువు వ్రాసిన గుమాస్తాకు దోమపై ద్వేషము ఉండెనని తలపరాదు. దోమ సంగతి ఆ కాగితములలో ఎక్కడను లెక్కకు రాలేదు, అంతే.

మాన్సన్ లండనులో పట్టు విడువక ప్రయత్నింపగా, 1898 ఫిబ్రవరిలో రాస్‌కు కలకత్తాలో పరిశోధనావకాశము లభించెను. ప్లేగు సూదిమందు భయముతో అచ్చటి రోగులు ఆయనను చూచి పారిపోయిరి. మనుష్యులు దొరకక ఆయన పక్షుల మలేరియాను పట్టుకొనెను. జూలైలో క్రిములు దోమ లాలాజల గ్రంథులను చేరుటను చూచెను. త్రోవ తెలిసినది: అది త్రాగు నీరు కాదు, దోమకాటు! వెంటనే దొరతనము ఆయనను కాలా ఆజార్ అను మరియొక జ్వరమును పరీక్షించుటకై అస్సాము పంపెను. 1899లో ఆయన ఇండియా విడిచెను. 1902లో నోబెల్ బహుమానము లభించెను.

మానవ మలేరియా అనాఫలీస్ దోమలో పెరుగు క్రమమును 1898లో నిరూపించిన ఇటలీ శాస్త్రజ్ఞుడు గ్రాసీతో రాస్ ఏండ్ల తరబడి కలహించెను. తన మాట ఆలకింపలేదని లోకమును నిందించినవాడు గ్రాసీకి న్యాయము చేయలేకపోయెను. ఆయన 1932 సెప్టెంబరు 16న లండనులో మరణించెను. బేగంపేట భవనము ఇప్పుడు ఉస్మానియా విశ్వవిద్యాలయము అధీనమున, ఆయన పేరనే యున్నది. అణాల కొఱకు దోమలకు చేయి చాచిన హుసేన్ ఖాన్ కడపట ఏమయ్యెనో చరిత్రకారులు వ్రాయలేదు.