హైదరాబాద్ బడిపంతులు రహీం సాబ్

మన కల్లూరులో సాయంత్రమైతే ఖాళీ స్థలం కనబడిన ప్రతిచోటా పిల్లలు క్రికెట్ బ్యాటు పట్టుకుని దిగుతారు. ఫుట్‌బాల్ ఆడేవారు అరుదు. తుంగభద్ర దాటి ఉత్తరంగా వెళ్తే వచ్చే హైదరాబాద్, ఒకప్పుడు ఆ ఆటలో దేశానికే దారి చూపిందంటే వాళ్లు నమ్మరు. ఆ రోజుల వెనుక ఉన్న మనిషి సయ్యద్ అబ్దుల్ రహీం. అందరూ రహీం సాబ్ అనేవారు.

ఆయన 1909 ఆగస్టు 17న హైదరాబాద్‌లో పుట్టారు. ఉస్మానియాలో చదువుతూ విశ్వవిద్యాలయం జట్టుకు ఆడారు, తరువాత నగరంలో క్లబ్బు ఆటగాడయ్యారు. కానీ బ్రతుకుతెరువు మాత్రం బడిపంతులు ఉద్యోగమే. కాచిగూడ, చాదర్‌ఘాట్ బడుల్లో పాఠాలు చెప్పారు. 1943లో హైదరాబాద్ ఫుట్‌బాల్ సంఘానికి కార్యదర్శి అయ్యారు, చనిపోయేవరకూ ఆ బాధ్యత వదల్లేదు.

మైదానంలోనూ ఆయన పంతులుగానే ఉన్నారు. బంతిని ఒక్కడే తిప్పుకుంటూ పోయే అలవాటు మాన్పించడానికి, అలా ఆడకూడదన్న నియమంతోనే పోటీలు పెట్టేవారు. కుడికాలి వాటం ఉన్నవాణ్ణి ఎడమకాలితో ఆడించేవారు. 1950లో హైదరాబాద్ సిటీ పోలీసు జట్టును చేపట్టారు. ఆ ఏడు మొదలు 1954 వరకు, వరుసగా 5 సార్లు, బొంబాయిలో జరిగే రోవర్స్ కప్పు ఆ పోలీసులదే.

అమ్ముగూడకు చెందిన ఒక పేద కుర్రవాడి ఆట ఆయన కంటపడింది. సాధనకు రావడానికి అతనికి సైకిలు లేదు. అద్దె సైకిలుకు డబ్బులు రహీం సాబే ఇచ్చారు. ఆ కుర్రవాడే తులసీదాస్ బలరాం. సండే స్కూలు నడిపేవారికి ఈ సంగతి గురించి నేను వేరే చెప్పనక్కరలేదు.

1951లో ఢిల్లీ ఆసియా క్రీడల్లో ఇరాన్‌ను ఓడించి మన దేశం బంగారు పతకం గెలిచింది. మరుసటి ఏడే హెల్సింకీ ఒలింపిక్స్‌లో, చాలామంది వట్టికాళ్లతో ఆడి, యుగోస్లావియా చేతిలో 10-1 తేడాతో ఓడిపోయారు. కోచ్ ఆయనే. ఆ తరువాతే బూట్లు తప్పనిసరి అయ్యాయి. అంతటి ఓటమి చూసిన మనిషి 4 ఏళ్లకు మెల్‌బోర్న్‌లో ఏం చేశారో చూడండి. మన కర్నూలు నుంచి రాజధాని హైదరాబాద్‌కు తరలి సరిగ్గా నెల, 1956 డిసెంబరు 1. ఆస్ట్రేలియాను వాళ్ల సొంతగడ్డ మీదే 4-2తో ఓడించి మనవాళ్లు సెమీఫైనల్ చేరారు. అజీజుద్దీన్, నూర్ మహమ్మద్, లతీఫ్, బలరాం లాంటి హైదరాబాదీలు ఎందరో ఆ జట్టులో ఉన్నారు. చివరికి దక్కింది 4వ స్థానం.

1962 జకార్తా ప్రయాణం నాటికి రహీం సాబ్ ఆరోగ్యం దెబ్బతింది. మొదటి ఆటలోనే దక్షిణ కొరియా చేతిలో 2-0తో ఓటమి. థాయిలాండ్‌తో ఆటలో జర్నైల్ సింగ్ తలకు దెబ్బ తగిలి కుట్లు పడ్డాయి. గోల్‌కీపర్ పీటర్ తంగరాజ్ జ్వరంతో కొన్ని ఆటలకు దూరమయ్యాడు. పైగా ఆసియా క్రీడల వివాదంలో ఒక భారతీయ అధికారి అన్న మాటలకు అక్కడి జనం మన జట్టుపై మండిపడుతున్నారు.

సెప్టెంబరు 4న ఫైనల్. ఎదురుగా మళ్లీ కొరియాయే, చుట్టూ దాదాపు లక్షమంది ప్రేక్షకుల హేళన. రహీం సాబ్ తంగరాజ్‌ను గోల్‌లోకి తెచ్చారు. రక్షణలో ఆడే జర్నైల్‌ను, కుట్లతోనే, ముందు వరుసకు పంపారు. గాయపడినవాణ్ణి అలా ఆడించడాన్ని నేను తేలికగా మెచ్చుకోలేను. ఈనాటి వైద్యుడెవరూ ఒప్పుకోడు కూడా. అయితే ఆడతానన్నవాడి మనసు ఆ కోచ్‌కు తెలుసు, జర్నైల్ ఏం చేయగలడో ఇంకా బాగా తెలుసు. 17వ నిమిషంలో పి.కె. బెనర్జీ, మరి కాసేపటికే జర్నైల్ గోల్స్ కొట్టారు. కొరియా ఒకటి తిరిగి ఇచ్చింది గాని అప్పటికే ఆలస్యమైంది. 2-1తో గెలిచాం.

రహీం సాబ్‌కు మిగిలింది 9 నెలలు. క్యాన్సర్ ఆయన్ని మంచాన పడేసింది. 1963 జూన్ 11న కన్నుమూశారు. వయసు 53. రోమ్ ఒలింపిక్స్ జట్టులో ఉన్న కుమారుడు హకీం, తరువాతి కాలంలో అంతర్జాతీయ రిఫరీ అయ్యారు. జకార్తా తరువాత ఆసియా క్రీడల ఫుట్‌బాల్‌లో మన దేశానికి బంగారు పతకం మళ్లీ రాలేదు.