అన్నానికీ సత్తువకూ మధ్య: యల్లాప్రగడ సుబ్బారావు జీవితం

పశ్చిమ బెంగాల్‌లోని ఖరగ్‌పూర్ రైల్వే పట్టణంలో తెలుగు మాట కొత్తది కాదు. ఇరవయ్యో శతాబ్దపు తొలి సంవత్సరాల్లో బెంగాల్ నాగ్‌పూర్ రైల్వే అక్కడ పెద్ద వర్క్‌షాపును నెలకొల్పింది. శ్రీకాకుళం, విజయనగరం, విశాఖపట్నం ప్రాంతాల నుంచి ఎన్నో కుటుంబాలు ఉపాధి కోసం ఆ పట్టణానికి తరలివెళ్లాయి. బాయిలర్ల దగ్గరా, లేతు యంత్రాల దగ్గరా, ఇంజన్ల మీదా పనిచేసిన ఆ కార్మికులకు ఒక సంగతి అనుభవపూర్వకంగా తెలుసు. కొలిమిలో ఎంత బొగ్గు మండినా అది నేరుగా చక్రాన్ని తిప్పలేదు. బొగ్గు వేడి నీటిని ఆవిరిగా మార్చాలి, ఆవిరి పిస్టన్‌ను నెట్టాలి, అప్పుడే చక్రం కదులుతుంది. బొగ్గుకూ చక్రానికీ నడుమ ఆవిరి అనే మధ్యవర్తి తప్పనిసరి.

మరి మనిషి తినే అన్నానికీ, అతడి కండలోని సత్తువకూ నడుమ ఉన్న మధ్యవర్తి ఏది? ఖరగ్‌పూర్‌లో ఆవిరి ఇంజన్లు జోరుగా నడుస్తున్న రోజుల్లోనే, సముద్రాల ఆవల ఒక ప్రయోగశాలలో ఈ ప్రశ్నకు సమాధానం వెలుగు చూసింది. దానిని కనుగొన్న ఇద్దరిలో ఒకరు గోదావరి సీమకు చెందిన తెలుగువారు. ఆయనే డాక్టర్ యల్లాప్రగడ సుబ్బారావు.

సుబ్బారావు 1895 జనవరి 12న భీమవరంలో జన్మించారు. తండ్రి జగన్నాథం రెవెన్యూ శాఖలో చిరుద్యోగి. అనారోగ్యం వల్ల ఆయన ముందుగానే ఉద్యోగం విడువవలసి రావడంతో కుటుంబ భారం తల్లి వెంకమ్మపై పడింది. బాల్యంలో సుబ్బారావుకు చదువుపై పెద్దగా ఆసక్తి ఉండేది కాదు. పదమూడేళ్ల వయసులో డబ్బు సంపాదించాలన్న తలంపుతో కాశీకి ప్రయాణం కట్టారు. తల్లి ఆయనను వెనక్కు రప్పించి మళ్లీ బడిలో కూర్చోబెట్టారు. తండ్రి మరణించిన తరువాత కూడా ఆ తల్లి పట్టు సడలించలేదు. రెండుసార్లు తప్పిన మెట్రిక్యులేషన్ పరీక్షను ఆయన మూడో ప్రయత్నంలో మద్రాసులో పూర్తి చేశారు. యౌవనంలో రామకృష్ణ మఠం వైపు ఆకర్షితులై సన్యాసం స్వీకరించాలనుకున్నారు. తల్లి అందుకు సమ్మతించలేదు. చివరకు మద్రాసు వైద్య కళాశాలలో చేరారు. మిత్రుల సాయం, తరువాత మామగారైన కస్తూరి సూర్యనారాయణమూర్తి ఆర్థిక సహకారం ఆ చదువును నిలబెట్టాయి. 1919లో శేషగిరితో ఆయన వివాహం జరిగింది.

ఆ సంవత్సరాల్లోనే ఆయన జీవితానికి దిశను నిర్ణయించిన విషాదం సంభవించింది. కొద్ది రోజుల వ్యవధిలో ఇద్దరు సోదరులు ఉష్ణమండల స్ప్రూ అనే జబ్బుతో కన్నుమూశారు. మన వైద్యులు సంగ్రహణిగా వర్ణించిన వ్యాధికి ఇది దగ్గరిది. ఈ జబ్బు సోకిన వారి పేగులు ఆహారంలోని సారాన్ని గ్రహించలేవు. రోగి తింటూనే ఉంటాడు, శరీరం మాత్రం ఆకలితో కృశించిపోతుంది. రక్తం పలచబడుతుంది, కండ కరిగిపోతుంది. కంచంలో అన్నం ఉండగానే కణాలు పస్తుండే స్థితి అది. అప్పటి వైద్యానికి దాని కారణమూ తెలియదు, మందూ తెలియదు. అన్నానికీ సత్తువకూ మధ్య ఎక్కడో తెగిన ఆ దారిని వెదకడమే తరువాతి ముప్పై ఏళ్లలో సుబ్బారావు చేసిన పని.

వైద్య విద్యార్థిగా ఉండగా ఆయన గాంధీజీ పిలుపు మేరకు ఖాదీ వస్త్రంతో కుట్టిన శస్త్రచికిత్స దుస్తులను ధరించారు. అది ఆంగ్లేయ ఆచార్యుడికి రుచించలేదు. పర్యవసానంగా పూర్తి ఎం.బి.బి.ఎస్. పట్టాకు బదులు అంతకంటే తక్కువ స్థాయి గల ఎల్.ఎం.ఎస్. పట్టాతో తృప్తిపడవలసి వచ్చింది. మద్రాసు వైద్య సర్వీసులో ప్రవేశం దొరకలేదు. ఆయుర్వేద కళాశాలలో శరీర నిర్మాణ శాస్త్రం బోధిస్తూనే విదేశీ విద్యకు ప్రయత్నించారు. కాకినాడలోని మల్లాడి సత్యలింగ నాయకర్ ధర్మసంస్థ, మామగారు అందించిన సహాయంతో 1923లో అమెరికాలోని బోస్టన్ నగరం చేరుకున్నారు. భార్యను స్వదేశంలో వదిలి వెళ్లిన ఆయన ఆమెను మళ్లీ చూడనే లేదు. తాను వెళ్లిన తరువాత పుట్టిన కుమారుడు పసితనంలోనే మరణించిన వార్తను ఉత్తరం ద్వారా తెలుసుకోవలసి వచ్చింది.

హార్వర్డ్‌లో ఉష్ణమండల వ్యాధుల డిప్లొమా చదువుతూ, జీవిక కోసం రాత్రిపూట ఆసుపత్రిలో చిన్న పనులు చేశారు. అనంతరం జీవరసాయన శాస్త్ర విభాగంలో సైరస్ ఫిస్కే వద్ద పరిశోధకుడిగా చేరారు. రక్తంలో, మూత్రంలో ఉండే భాస్వరాన్ని కచ్చితంగా కొలిచే సులభ పద్ధతిని రూపొందించడం ఫిస్కే ఆయనకు అప్పగించిన బాధ్యత.

ఆ పద్ధతి సారాంశం ఇది. పరీక్షించవలసిన ద్రవానికి ఆమ్లంతో పాటు మాలిబ్డేట్ అనే లవణాన్ని కలుపుతారు. ద్రవంలో ఫాస్ఫేట్ ఉంటే అది మాలిబ్డేట్‌తో కూడుతుంది. మరొక రసాయనం చేర్చగానే నీలిరంగు పుడుతుంది. రంగు ఎంత చిక్కగా ఉంటే ఫాస్ఫేట్ అంత ఎక్కువ. ఫిస్కే, సుబ్బారావు 1925లో ప్రచురించిన ఈ విధానం వారిద్దరి పేర్లతోనే ప్రసిద్ధమైంది. వందేళ్ల తరువాత కూడా అది జీవరసాయన ప్రయోగశాలల్లో వాడుకలో ఉంది.

ఈ పద్ధతిని కండరాలపై ప్రయోగించినప్పుడు ఒక చిక్కు ఎదురైంది. కండరం నుంచి తీసిన ద్రవంలో నీలిరంగు వెంటనే పూర్తిగా రాలేదు. నిమిషాలు గడిచేకొద్దీ నెమ్మదిగా ముదురుతూ పోయింది. రసాయనాల లోపమనో, చేతి పొరపాటనో దానిని పక్కనపెట్టడం తేలిక. సుబ్బారావు, ఫిస్కే ఆ ఆలస్యాన్నే పట్టుకున్నారు. కండరంలో ఏదో ఒక సున్నితమైన పదార్థం ఉంది, అది ఆమ్లంలో క్రమంగా విడిపోతూ ఫాస్ఫేట్‌ను వదులుతోంది, అందుకే రంగు ఆలస్యమవుతోంది అని ఊహించారు. ఆ పదార్థాన్ని వేరుచేసి చూడగా అది ఫాస్ఫేట్, క్రియాటిన్ కలిసిన సమ్మేళనమని తేలింది. అదే ఫాస్ఫోక్రియాటిన్. 1927లో ఈ ఫలితం ప్రకటితమైంది. అదే సంవత్సరం ఇంగ్లండ్‌లో ఫిలిప్ ఎగిల్టన్, గ్రేస్ ఎగిల్టన్ దంపతులు కూడా కండరంలో అటువంటి అస్థిర పదార్థాన్ని స్వతంత్రంగా గుర్తించారు.

ఫిస్కే, సుబ్బారావు పిల్లుల కండరాలకు విద్యుత్ ప్రేరణ ఇచ్చి అలసిపోయేవరకు పనిచేయించారు. పని జరిగేకొద్దీ ఫాస్ఫోక్రియాటిన్ తరిగిపోయింది. విశ్రాంతి ఇవ్వగానే తిరిగి నిండింది. అప్పటివరకు లాక్టిక్ ఆమ్లమే కండర సంకోచానికి ప్రేరకమన్న భావన బలంగా ఉండేది. ఆ రంగంలో పరిశోధనలకు ఆర్చిబాల్డ్ హిల్, ఒట్టో మేయర్‌హోఫ్‌లకు 1922 సంవత్సరపు నోబెల్ బహుమతి దక్కింది. కొత్త ఫలితాలు ఆ భావనను కదిలించాయి. లాక్టిక్ ఆమ్లం తయారుకాకుండా ఆపినా కండరం కొంతసేపు పనిచేయగలదని 1930లో డెన్మార్క్ శాస్త్రవేత్త ఐనార్ లుండ్స్‌గార్డ్ చూపడంతో పాత సిద్ధాంతం నిలవలేకపోయింది.

అంతకు ముందే, 1929లో, ఫిస్కే, సుబ్బారావు కండరం నుంచి మరో భాస్వర సమ్మేళనాన్ని వెలికితీశారు. అడెనోసిన్‌కు మూడు ఫాస్ఫేట్లు గొలుసుకట్టుగా అతికిన ఆ పదార్థమే అడెనోసిన్ ట్రైఫాస్ఫేట్, క్లుప్తంగా ఏటీపీ. జర్మనీలో కార్ల్ లోమన్ కూడా అదే ఏడాది దానిని విడిగా కనుగొన్నారు.

అన్నానికీ సత్తువకూ మధ్య నిలిచిన ఆవిరి ఇదే. ఏటీపీ చివరి ఫాస్ఫేట్ విడిపోయేటప్పుడు విడుదలయ్యే శక్తితో కండరం ముడుచుకుంటుంది, నాడి సంకేతాన్ని పంపుతుంది, కణం కొత్త పదార్థాలను నిర్మించుకుంటుంది. మిగిలిన ఏడీపీకి, ఆహారం దహనం కావడం వల్ల లభించే శక్తితో మళ్లీ ఫాస్ఫేట్ అతుకుతుంది. ఫాస్ఫోక్రియాటిన్ అత్యవసర నిల్వ వంటిది. కదిలిపోతున్న రైలును అందుకోవాలని పరుగెత్తే మనిషికి తొలి కొద్ది సెకన్లలో ఏటీపీని తిరిగి నింపేది అదే. శరీరంలో ఏ క్షణంలో చూసినా ఏటీపీ వంద గ్రాముల స్థాయిలోనే ఉంటుంది. కానీ అదే కొద్దిపాటి సరుకు వందల మార్లు ఖర్చవుతూ, తిరిగి తయారవుతూ ఉండటం వల్ల ఒక రోజులో వినియోగమయ్యే మొత్తం దాదాపు మనిషి బరువుకు సమానమవుతుంది.

ఈ నాణెం మనుషులకే పరిమితం కాదని తరువాతి పరిశోధనలు నిరూపించాయి. చెట్టు సూర్యకాంతి నుంచి, ఇడ్లీ పిండిని పులియబెట్టే సూక్ష్మజీవులు పిండిలోని చక్కెరల నుంచి, కొన్ని రకాల బాక్టీరియా గంధకం, ఇనుము వంటి ఖనిజాల నుంచి శక్తిని పొందుతాయి. వనరులు వేరైనా, సంపాదించిన శక్తిని అవన్నీ ఏటీపీగానే మార్చుకుంటాయి. ఫాస్ఫేట్ బంధాల్లో శక్తి ఎలా బదిలీ అవుతుందో 1941లో ఫ్రిట్జ్ లిప్‌మన్ సమగ్రంగా వివరించారు. పొరకు ఒకవైపు పోగుపడిన ప్రోటాన్లు, ఆనకట్ట నుంచి దూకే నీరు టర్బైన్‌ను తిప్పినట్టు, ఏటీపీ తయారీని నడిపిస్తాయని 1961లో పీటర్ మిచెల్ ప్రతిపాదించారు. ఆయనకు 1978లో నోబెల్ లభించింది. ఆ సూక్ష్మ టర్బైన్ పనితీరును వెల్లడించిన పాల్ బోయర్, జాన్ వాకర్‌లు 1997లో ఆ గౌరవంలో భాగం పంచుకున్నారు. ఈ మార్గానికి తొలి మైలురాళ్లలో ఒకదానిని పాతిన సుబ్బారావుకు అటువంటి గుర్తింపు రాలేదు.

1930లో ఆయన డాక్టరేట్ పొందారు. మరో పదేళ్లు పనిచేసినా హార్వర్డ్‌లో శాశ్వత పదవి దక్కలేదు. 1940లో న్యూయార్క్ రాష్ట్రంలోని పెర్ల్ రివర్‌లో ఉన్న లెడర్లీ ప్రయోగశాలలకు వెళ్లారు. అక్కడ ఆయనకు పెద్ద బృందం, తగిన వనరులు లభించాయి. సోదరులను బలిగొన్న జబ్బు వైపు మళ్లీ దృష్టి సారించే అవకాశం కూడా వచ్చింది.

కాలేయంలో రక్తహీనతను తగ్గించే పదార్థమేదో ఉందని వైద్యులకు అప్పటికే తెలుసు. దానిని వేరుచేసే ప్రయత్నంలో సుబ్బారావు బృందానికి సూక్ష్మజీవులే తక్కెడలయ్యాయి. ఆ పదార్థం అందకపోతే లాక్టోబాసిల్లస్ కేసీ అనే బాక్టీరియా పెరగదు. కనుక ఏ నమూనాలో అది ఎంత పెరిగిందో చూసి పదార్థం మోతాదును అంచనా కట్టేవారు. కాలేయం నుంచీ, మరో సూక్ష్మజీవి పులియబెట్టిన ద్రవం నుంచీ దానిని రాబట్టి, 1945లో కృత్రిమంగా తయారు చేయగలిగారు. అదే ఫోలిక్ ఆమ్లం. స్ప్రూ రోగులకు ఇచ్చినప్పుడు వారి రక్తం తిరిగి పుంజుకుంది, ఆకలి పెరిగింది, శరీరానికి బలం చేకూరింది. ఆ ఇద్దరు సోదరులు మరణించి అప్పటికి పాతికేళ్లు దాటింది. ఈనాడు మన దేశంలో గర్భిణులకు ఇనుముతో కలిపి ఇచ్చే మాత్రల్లో ఉండేది ఈ ఫోలిక్ ఆమ్లమే.

ఫోలిక్ ఆమ్లాన్ని పోలి ఉంటూ దాని పనిని అడ్డుకునే సమ్మేళనాలను కూడా ఆయన బృందం తయారు చేసింది. వాటిలో ఒకటైన అమినోప్టెరిన్‌తో బోస్టన్ వైద్యుడు సిడ్నీ ఫార్బర్ రక్త క్యాన్సర్ సోకిన పిల్లలకు తాత్కాలిక ఉపశమనం కలిగించి 1948లో ఫలితాలను ప్రకటించారు. ఆ కుటుంబానికే చెందిన మెథోట్రెక్సేట్ నేటికీ క్యాన్సర్‌కూ, కీళ్లవాతానికీ వాడుకలో ఉంది. తీరాంధ్ర ప్రజలను తరతరాలుగా వేధించిన బోదకాలు వ్యాధికి డైఇథైల్ కార్బమజీన్ అనే మందు ఆ ప్రయోగశాల నుంచే వెలువడింది. బెంజమిన్ డగ్గర్ మట్టిలోని సూక్ష్మజీవి నుంచి కనుగొన్న ఆరియోమైసిన్ కూడా సుబ్బారావు నాయకత్వంలోనే రూపుదిద్దుకుంది. ఇన్ని విజయాల నడుమ ఆయన తన పేరును ముందుకు తెచ్చుకోలేదు. సహచరులు వెలుగులో నిలబడుతుండగా తాను వెనుక ఉండటమే ఆయనకు అలవాటు.

1948 ఆగస్టులో, 53 ఏళ్ల వయసులో, సుబ్బారావు అమెరికాలో గుండెపోటుతో మరణించారు. దేశానికి స్వాతంత్ర్యం వచ్చి అప్పటికి ఏడాది అవుతోంది. స్వతంత్ర భారతాన్ని ఆయన కళ్లారా చూడలేదు. ఒక శిలీంధ్ర ప్రజాతికి సుబ్బారోమైసిస్ అని ఆయన పేరు పెట్టారు. శతజయంతి సంవత్సరమైన 1995లో భారత తపాలా శాఖ ఆయన స్మారక బిళ్లను విడుదల చేసింది.

ఖరగ్‌పూర్ పట్టాలపై ఆవిరి ఇంజన్లు కనుమరుగై చాలా కాలమైంది. వాటి స్థానంలో డీజిలు, ఆ తరువాత విద్యుత్ ఇంజన్లు వచ్చాయి. అక్కడి స్టేషన్‌లో కిలోమీటరుకు మించి సాగే ప్లాట్‌ఫారంపై పెట్టె నెత్తికెత్తుకుని నడిచే మనిషి కండలో మాత్రం మధ్యవర్తి మారలేదు. ఆ ఊరి తెలుగు ఇళ్లలోని పిల్లలు కూడా జీవశాస్త్ర పాఠంలో ఏటీపీ గురించి చదువుతారు. ఆ పుటలో పేరు ముద్రించి లేకపోయినా, దానిని తొలిసారి వెలికితీసిన చేతుల్లో ఒక జత భీమవరం నుంచి వెళ్లినదని ఇంటి పెద్దలు వారికి చెప్పవచ్చు.