పాల్ రోబ్సన్

ఒకప్పుడు గంజాం జిల్లా నుండి ఎందరో కూలీలు గోపాలపూర్ రేవులో ఓడలెక్కి రంగూను వెళ్ళేవారు. ఎంత దూరం పోయినా వారికి తమ ఊరి పేరు తెలుసు, ఇంటి భాష తెలుసు. నాలుగు డబ్బులు కూడబెట్టుకొని తిరిగి వచ్చినవారూ ఉన్నారు. ఆఫ్రికా నుండి సంకెళ్ళతో అమెరికాకు తరలించబడిన నల్లజాతివారికి ఆ భాగ్యం లేదు. సంతలో పశువులవలె అమ్ముడుపోయిన వారి సంతతికి తాతల ఊరు తెలియదు, భాష మిగలలేదు. మిగిలినవి పాటలే. ఆ పాటల వెంట పూర్వీకుల ఖండాన్ని వెదుకుకొన్న గాయకుడు పాల్ రోబ్సన్.

రోబ్సన్ 1898 ఏప్రిల్ 9న అమెరికాలోని ప్రిన్స్‌టన్ పట్టణంలో జన్మించాడు. తండ్రి విలియం బానిసగా పుట్టి, బాల్యంలోనే పారిపోయి, చదువుకొని క్రైస్తవ మతబోధకుడయ్యాడు. తల్లి అగ్నిప్రమాదంలో మరణించేనాటికి రోబ్సన్‌కు ఆరేళ్ళయినా నిండలేదు. తండ్రి పెంపకంలో అతడు చదువులోను, ఆటలలోను మేటి అనిపించుకొన్నాడు. 1923లో న్యాయశాస్త్ర పట్టా పొందాడు. కాని నల్లవాడు చెప్పినది వ్రాయనని కార్యాలయ ఉద్యోగిని నిరాకరించడంతో ఆ వృత్తిని విడిచిపెట్టాడు. నటన, గానం అతని జీవితమయ్యాయి. 1925లో న్యూయార్కులో నల్లజాతివారి గీతాలతోనే కచేరీ చేసి మెప్పించాడు.

లండనులో ఉన్నప్పుడు అతనికి ఆఫ్రికా విద్యార్థులతో స్నేహం కలిగింది. ఆఫ్రికాకు సంస్కృతే లేదని పలువురు భావించే రోజులవి. రోబ్సన్ మాత్రం 1930 తరువాతి సంవత్సరాలలో లండన్ ప్రాచ్య విద్యాసంస్థలో చేరి, స్వాహిలి మొదలైన ఆఫ్రికా భాషలను అభ్యసించాడు. తాను చిన్ననాడు విన్న పాటల లయ, పలుకుబడి ఆ భాషలలో వినిపించి పులకించాడు. 1937లో ఆఫ్రికా ప్రజల స్వేచ్ఛకై పనిచేసే సంస్థ స్థాపనకు తోడ్పడ్డాడు.

నిర్భయంగా మాట్లాడినందుకు 1950లో అమెరికా ప్రభుత్వం అతని పాస్‌పోర్టును రద్దు చేసింది. ఎనిమిదేళ్ళు పాస్‌పోర్టు లేకపోయినా అతడు మాట మార్చుకోలేదు. 1957లో సముద్రగర్భపు టెలిఫోను తీగ ద్వారా వేల్స్ గని కార్మికులకు తన గానం వినిపించాడు. మరుసటి సంవత్సరం పాస్‌పోర్టు తిరిగి లభించింది. ఆ ఏడు అతని అరవయ్యో పుట్టినరోజును మన దేశంలోనూ జరిపారు. అస్సాం గాయకుడు భూపేన్ హజారికా అతని వల్ల ఉత్తేజం పొందినవాడే.

రోబ్సన్ 1976 జనవరి 23న కన్నుమూశాడు. పోగొట్టుకొన్న భాషను పెద్దవాడయ్యాక పట్టుదలతో వెదుకుకొన్నాడతడు. ఇంట్లో అమ్మ నోట మాతృభాష వినగలిగే పిల్లలు ఎంత అదృష్టవంతులో అతని జీవితం తెలుపుతుంది.