రఘుపతి వెంకయ్యనాయుడుగారు

బీదరుకు వచ్చి స్థిరపడిన మన తెలుగు కుటుంబాలలో సినిమా మాట రాని ఇల్లు అరుదు. కాని ఆ సినిమాకు తొలి అడుగు వేసిన తెలుగువారెవరని మన పిల్లలను అడిగితే తెల్లమొగం వేస్తారు. అందుచేత ఈ ఉగాది సంచికలో ఆయనను గురించి నాలుగు మాటలు వ్రాస్తున్నాను.

వెంకయ్యనాయుడుగారు 1869లో మచిలీపట్నంలో జన్మించారు. చిన్నవయసులోనే చెన్నపట్నం చేరి, ఫొటోలు తీయడం వృత్తిగా చేసుకొని, మౌంటు రోడ్డులో సొంత స్టూడియో పెట్టారు. చేతినిండా పని, నలుగురిలో పేరు. అంతటితో తృప్తిపడి ఉంటే సుఖంగానే రోజులు గడిచేవి.

1909 ప్రాంతంలో క్రోనోమెగాఫోన్ అనే యంత్రం సంగతి ఆయన చెవిని పడింది. తెరమీద బొమ్మలు కదులుతుంటే, వాటికి జతగా గ్రామఫోను రికార్డు మ్రోగుతుంది. తెలుగు టాకీ రావడానికి ఇరవై ఏండ్లకు పైగా ముందటి మాట ఇది! ఖరీదు 30,000 రూపాయలు. ఆయన స్టూడియోను తాకట్టు పెట్టి దానిని కొన్నారు. ఆనాడు ఆ సొమ్ముకు ఎన్ని ఎకరాల మాగాణి వచ్చేదో పెద్దలే లెక్క కట్టాలి.

1910లో చెన్నపట్నం విక్టోరియా పబ్లిక్ హాలులో ప్రదర్శనలిచ్చారు. పిమ్మట ఊరూరా తిరిగి, బర్మా, సింహళం దాకా వెళ్ళారు. రైల్వే పార్సిలు ఆఫీసులో కూర్చునే నాకు ఈ ఘట్టమే అన్నిటికంటె ఆశ్చర్యం. అద్దాల పెట్టె ఒకటి పగలకుండా నాలుగు స్టేషన్లు దాటితే మేము దేవునికి దండం పెట్టుకుంటాము. ఆయన అంత సున్నితమైన యంత్రాన్ని రైళ్ళకు, ఓడలకు ఎక్కించి, దించి, ఆట ఆడించి మళ్ళీ కట్టగట్టారు. రంగూనులో పొట్టచేతబట్టుకొని పోయిన తెలుగువారు ఆనాటికే వేలకు వేలు.

తిరిగి వచ్చి చెన్నపట్నంలో గెయిటీ సినిమాహాలు కట్టించారు. ఆ నగరంలో భారతీయుడు కట్టించిన మొదటి సినిమాహాలు అదే. తరువాత క్రౌన్, గ్లోబు వచ్చాయి.

ఇతరులు తీసినవి చూపించడం ఆయనకు చాలలేదు. కుమారుడు ప్రకాష్‌ను విద్య నేర్చుకొమ్మని సీమకు పంపారు. ఆయన తిరిగివచ్చాక ఇద్దరూ కలిసి స్టార్ ఆఫ్ ది ఈస్ట్ అనే కంపెనీ పెట్టి, 1921లో భీష్మప్రతిజ్ఞ అనే మూకీ చిత్రం తీశారు. ప్రకాష్‌గారే దర్శకులు, భీష్ముడూ ఆయనే. మరికొన్ని చిత్రాలు వచ్చాయి గాని కంపెనీ ఎంతోకాలం నిలవలేదు. అంతకాలం కష్టించి కూడబెట్టినది చాలావరకు కరిగిపోయింది.

నాయుడుగారు 1941లో కన్నుమూశారు. 1980లో ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం ఆయన పేర సినిమా పురస్కారం నెలకొల్పింది. భీష్మప్రతిజ్ఞ ప్రతి మాత్రం ఒక్కటీ మిగలలేదు.