సంతకం పెట్టిన పాపానికి సర్వీసే పోయింది

గ్రూప్స్‌కు చదివే మన పోరగాళ్లకు సురేంద్రనాథ్ బెనర్జీ అంటే ఒక బిట్టు. 1876ల ఇండియన్ అసోసియేషన్ పెట్టిందెవరు అని అడుగుతరు, టిక్కు కొట్టి ముంగటికి పోతం. నేను గూడ గట్లనే పోయిన. ఆయన ఐసీఎస్ నౌకరి ఎట్ల ఊడిందో సరిగ్గ చదివింది మాత్రం నాకు నౌకరొచ్చి, చేతికి మెమో అందినంకనే.

ఆయన 1848ల కలకత్తల పుట్టిండు. తండ్రి దుర్గాచరణ్ డాక్టరు. 1868ల రమేశ్ చంద్ర దత్, బిహారీలాల్ గుప్త అనే దోస్తులతోని ఓడెక్కి లండన్ పోయిండు. అప్పట్ల ఐసీఎస్ పరీక్ష అక్కడనే రాయాలె. అంతకుముందు మన దేశపోళ్లల్ల పాసైంది సత్యేంద్రనాథ్ టాగోర్ ఒక్కడే. 1869ల ఈ ముగ్గురు పాసైండ్రు, వాళ్లతోని శ్రీపాద్ బాబాజీ ఠాకూర్ అనే ఇంకొకాయన గూడ.

మొదటి దెబ్బ అక్కడనే పడ్డది. మెట్రిక్ కాగితంల ఉన్న పదారేండ్ల లెక్క పట్టుకొని వయసు దాటిందని కమిషనర్లు సురేంద్రనాథ్ పేరు, ఠాకూర్ పేరు కొట్టేసిండ్రు. మన దిక్కు ముసలోళ్లు వయసెట్ల చెప్తరు? పదిహేను నిండితె పదారో ఏడు వడ్డదంటరు గదా. బెంగాల్ల గూడ అదే లెక్క. ఆ ముచ్చట జెర వినుండ్రి అంటె కమిషనర్లు వినలే. ఈయన క్వీన్స్ బెంచ్ కోర్టుకు పోయిండు. కోర్టు కమిషనర్లను సంజాయిషీ అడిగింది, పేర్లు మళ్ల లిస్టుల ఎక్కినయ్. అంటే ఇద్దరి మాట వినే జాగ దొరికింది కాబట్టి ఆ పంచాయితిల గెలిచిండు. ఇది యాదిల పెట్టుకోండ్రి.

1871ల తిరిగొచ్చినంక సిల్హెట్‌కు అసిస్టెంట్ మేజిస్ట్రేట్‌గ ఏసిండ్రు. ఆ ఊరు ఇప్పుడు బంగ్లాదేశ్‌ల ఉంది. అక్కడ యుధిష్ఠిర్ అనేటాయన మీద పడవ దొంగతనం కేసు ఒకటి ఈయన దగ్గర పెండింగుల ఉండె. 1872 డిసెంబర్ ఆఖర్న ఆ యుధిష్ఠిర్ పరారైండని రాసున్న కాగితం మీద ఈయన సంతకం పడ్డది. ఆ మనిషేమో పరారు కాలే. కట్టలు కట్టలు కాగితాలు ముంగట పెడితె, వాటితోపాటు దీని మీద గూడ చదవకుంట సంతకం చేసిన్నన్నది ఈయన జవాబు. కాదు, కేసు లేటైన సంగతి దాచెటందుకు కావాలనే చేసిండు, పైగా అబద్ధం చెప్తుండు అన్నది పైవాళ్ల అభియోగం.

ముగ్గురు ఆఫీసర్లతోని కమిషన్ ఏసిండ్రు. విచారణ కలకత్తల పెట్టుమని అడిగితె ఒప్పుకోలే. సిల్హెట్‌లనే పెట్టిండ్రు, అంటే మీద ఫిర్యాదు రాసిన పై ఆఫీసరు ఏలే ఊర్లనే. తప్పు చేసిండని తేల్చిండ్రు. 1874ల సర్వీసు నుంచి తీసేసి, దయ తలిచి నెలకు 50 రూపాయలు ఇయ్యమన్నరు. మళ్ల లండన్ పోయి మొరపెట్టుకున్నా పని కాలే. పోనీ బారిస్టర్ అయితననుకుంటె, డిస్మిస్ అయినోనివి నీకు ఇయ్యమని అది గూడ బంద్ పెట్టిండ్రు.

ఆయనది అసలు తప్పే లేదని నేననను. చదవకుంట సంతకం చేసుడు తప్పే. కానీ అజాగ్రత్త వేరు, మోసం వేరు. ఆ రెండిటిని ఏరు చేసెటందుకే గదా విచారణ ఉండేది. అజాగ్రత్తకు హెచ్చరిక ఇయ్యొచ్చు, ఇంక్రిమెంట్ ఆపొచ్చు. కొత్తగ చేరిన పిలగానికి బతుకంత తీసేస్తరా?

నా మెమోల గూడ సంతకం ముచ్చటే. పది రోజుల్ల జవాబియ్యమన్నరు. ఆరో రోజు పోయి చూస్తె నా సీట్ల ఇంకొకాయన కూసున్నడు. రాసిన జవాబు ఇంక నా బ్యాగులనే ఉంది.

నౌకరి పోయినోన్ని విద్యాసాగర్ పిలిచి, తన మెట్రోపాలిటన్ కాలేజీల నెలకు 200 రూపాయల జీతం మీద ఇంగ్లీషు చెప్పుమన్నడు. 1876 జూలై 26న ఇండియన్ అసోసియేషన్ మొదటి సభ. అదే రోజు ఆయన కొడుకు సచ్చిపోయిండు, అయినా సభకు పోయిండు. ఐసీఎస్ పరీక్షకు వయసు హద్దును 21 నుంచి 19కి తగ్గిస్తె, దానికి ఎదురుగ ఉత్తరాది ఊర్లన్ని తిరిగి సభలు పెట్టిండు. తనను ఎల్లగొట్టిన నౌకరి మీదికెల్లి వేరే పోరగాళ్ల కోసం కొట్లాడిండు. నాకైతె ఆయన బతుకుల అన్నిటికంటె పెద్ద ముచ్చట ఇదే.

1883ల ఇంకో దెబ్బ. సాలగ్రామాన్ని కోర్టుకు తెప్పించిండని ఒక జడ్జిని తిడుతు తన బెంగాలీ పత్రికల రాసిండు. అందుల తప్పు దొర్లింది, మాఫీ అడిగిండు. అయినా రెండు నెలలు జైల్ల ఏసిండ్రు. బెంచి మీదున్న రమేశ్ చంద్ర మిత్ర ఒక్కడే ఆ శిక్షకు ఒప్పుకోలే. 1895ల, 1902ల కాంగ్రెస్‌కు అధ్యక్షుడైండు. 1921ల సర్ బిరుదు, బెంగాల్ల మంత్రి పదవి. తీసేసిన సర్కారే కుర్చి ఏసింది. కానీ జనానికి ఆయన మీద మనసు ఇరిగింది, 1923 ఎన్నికల్ల బిధాన్ చంద్ర రాయ్ చేతుల ఓడిపోయిండు. 1925 ఆగస్టుల కన్ను మూసిండు.

ఇప్పుడైతె రాజ్యాంగంల 311 ఉంది. అభియోగమేందో చెప్పకుంట, జవాబు చెప్పుకునే అవకాశమియ్యకుంట సర్కారు ఉద్యోగిని డిస్మిస్ చెయ్యొద్దు. దానికి మూడు మినహాయింపులున్నయ్, పరీక్షల వస్తయ్, చదువుకోండ్రి. 1993ల మన హైదరాబాద్ ఈసీఐఎల్ కేసుల సుప్రీంకోర్టు ఇంకో మాట ఖాయం చేసింది: విచారణ ఆఫీసరు రాసిన రిపోర్టు నకలు ఉద్యోగికి ఇచ్చి, ఆయన మాట విన్నంకనే నిర్ణయం తీసుకోవాలె. ఏజెన్సీ కింద అవుట్‌సోర్సింగ్‌ల చేసే మనోళ్లకు మాత్రం 311 నీడ లేదు. వాళ్లకు ఒక ఫోన్ కాల్ చాలు.

నా కేసుల ఎంక్వైరీ అయిపోయింది. రిపోర్టు నకలు ఇయ్యుండ్రని రాసిచ్చి రసీదు తీసుకున్న. నకలు ఇంక రాలే.