జోరిస్ ఐవెన్సు

ప్రభుత్వము పదవినిచ్చి పిలిచినప్పుడు చలనచిత్రకారుఁడు దాని మాటను చిత్రింపవలెనా, తాను చూచిన సత్యమును చిత్రింపవలెనా? ఈ ప్రశ్నకుఁ దన నడవడిచే నుత్తరమిచ్చినవాఁడు హాలండు దేశీయుఁడగు జోరిస్ ఐవెన్సు.

ఆయన 1898లో నైమెఖెన్ పట్టణమున ఛాయాగ్రహణ సామగ్రి వర్తకుని యింట జన్మించెను. 1928లో రాటర్‌డాము రైలువంతెనను, మరుసటి యేఁట ఆమ్‌స్టర్‌డాము వానను చిత్రించి పేరొందెను. 1933లో బెల్జియము బొగ్గుగని కార్మికుల దైన్యమును చూచిన పిమ్మట ఆయన కేమెరా సౌందర్యమాత్రముచేఁ దృప్తి నొందదయ్యెను. 1937లో స్పెయిను అంతర్యుద్ధమును, 1938లో జపాను దాడికి గుఱియైన చీనాను చిత్రించెను. స్పెయిను చిత్రమునకు హెమింగ్వే వ్యాఖ్యానము వ్రాసెను. అది అమెరికా అధ్యక్షుఁడగు రూజ్వెల్టు ఎదుటఁ బ్రదర్శింపఁబడెను.

అసలు పరీక్ష తరువాత వచ్చెను. 1944లో డచ్చి ప్రభుత్వము తూర్పు ఇండియా దీవుల చలనచిత్ర కమీషనరుగా ఆయనను నియమించెను. 1945 ఆగస్టు 17న ఇండోనేషియా స్వాతంత్ర్యమును ప్రకటించుకొనెను. ఆ దీవులను మరల లోఁబఱచుకొన డచ్చివారు ఓడలను సిద్ధపఱుపఁగా, ఆస్ట్రేలియా రేవు కార్మికులు వానికి సరకెత్తుట మానిరి. ఇండోనేషియా నావికులతోఁబాటు మన దేశపు ఖలాసీలును పని విడిచి యోడలు దిగిరి. ఐవెన్సు నవంబరులో పదవికి రాజీనామా నిచ్చి, కొద్దిపాటి సామగ్రితో ఆ సమ్మెను సిడ్నీలోఁ జిత్రించెను. కొన్ని ఘట్టములను మరల నటింపఁజేసి తీసినమాట నిజమే. సంఘటనలు మాత్రము కల్పితములు గావు. ‘ఇండోనేషియా కాలింగ్’ అను ఆ చిన్న చిత్రము 1946లో వెలువడెను. స్వదేశమునఁ బలువు రాయనను ద్రోహిగాఁ జూచిరి. పాసుపోర్టు విషయమున అధికారులు చిక్కులు పెట్టిరి.

ఆయన దృష్టి దోషరహితమని చెప్పఁజాలము. వియత్నాము పల్లెలపైఁ బడిన బాంబులను సాహసముతోఁ జూపిన యాతఁడే, 1976లో వెలువరించిన సుమారు పండ్రెండు గంటల చీనా చిత్రమాలలో మావో పాలనయందలి ప్రజల బాధలను గానఁడయ్యెను. పరుల పెత్తనమును శంకించిన కన్ను తాను నమ్మిన పెత్తనమును శంకింపలేదు. ఈ లోపమును దాఁచుట ఆయనకు గౌరవము గాదు.

ఐనను 1945 నాఁటి నిర్ణయమును కాలము సమర్థించినది. 1949లో హాలండు ఇండోనేషియా స్వాతంత్ర్యమును గుర్తించెను. 1985లో డచ్చి మంత్రి ఆయనను సన్మానించుచు, చరిత్ర ఐవెన్సు పక్షమునకే మొగ్గినదని యంగీకరించెను. నాలుగేండ్లకు, 1989లో, ఐవెన్సు పారిసు నగరమునఁ గన్నుమూసెను. పరదేశపు విముక్తికై తమ కూలిని వదలుకొన్న మన ఖలాసీల ముఖములు ఆయన చిత్రమున నేఁటికిని నిలిచియున్నవి.